ఎనభై ఏడు శాతం

చిలోయె దీవిలో, కాస్త్రో ఊళ్లో
వాన పడని రోజంటే
క్యాలెండర్లో అచ్చుతప్పు.
ఆ వానలోనే వచ్చాడు నికనోర్ బరియా,
కంప్యూటర్ని బంగాళాదుంపల గోనెలో చుట్టి
చంకనెత్తుకుని.

"ఆగిపోయింది" అన్నాడు.
ఏమిటని అడిగితే
"ఓడ."

ముప్పై నాలుగేళ్లు చకావ్ జలసంధి మీద
లారీల్నీ, ఆవుల్నీ, ఒకసారి ఎవరిదో ఇంటి పైకప్పునీ
ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకి దాటించిన మనిషి.
కుడికన్ను మసకబారాక
లైసెన్సు తిరిగిచ్చేశాడట, రసీదు అడిగి మరీ.
మనవరాలు అనాయిస్ కొనిచ్చింది
ఓడ నడిపే ఆట.
అరవై రెండు జీబీ.
ఎనభై ఏడు దగ్గర
మూడు రోజులుగా ఉలుకూ పలుకూ లేదు.

గోనెని పొయ్యి పక్కన ఆరేశాను.
కొట్టంతా తడిమట్టి వాసన.
తెర వెలిగింది. నీలం గీత
నిజంగానే కదలట్లేదు.
వేగం, సున్నా.
మిగిలిన సమయం అన్నచోట
అంకె కూడా లేదు, ఒక చిన్న అడ్డగీత,
భోజనం వేళకి కిటికీ మూసేసిన గుమాస్తా.

నాకు తెలిసినవన్నీ చేశాను.
ఆపి, మళ్లీ మొదలెట్టాను.
వైఫై తీసి తీగ తగిలించాను.
పేరుకున్న కాష్ ఊడ్చేశాను.
శాంటియాగో సర్వర్ని వదిలి లిమా సర్వర్ని బతిమాలాను.
వచ్చే ప్రతి ఫైలు జేబులూ తడుముతోందేమోనని
యాంటీవైరస్‌ని కాసేపు బయట కూచోబెట్టాను.
గీత
వెంట్రుకవాసి జరగలేదు.

అతను స్టూలు వద్దన్నాడు. నిలబడే చూశాడు.
"ఇంజను చుట్టూనే తిరుగుతున్నావమ్మా.
తాడు విప్పారో లేదో ఎవరైనా చూశారా?"

నవ్వాను. నవ్వి, డిస్కు తెరిచాను.
ఖాళీ జాగా: రెండొందల ఎంబీ.
దిగుతున్న ఆటకి దిగేచోటే లేదు.
మిగతా డిస్కంతా వీడియోలు,
తేదీలే పేర్లు.
ఒకటి నొక్కాను. బూడిదరంగు నీళ్లు,
డెక్కు అంచు, వైపరు చప్పుడు.
అరగంట. ఏమీ జరగదు.
ఇంకోటి. అవే నీళ్లు.
మూడోదాంట్లో ఒక పెలికాన్,
అదీ ఎటో వెళ్లిపోయింది.

"ఇవి తీసేస్తే పనైపోతుంది" అన్నాను,
అన్న వెంటనే నాలిక కరుచుకున్నాను.
అతనేమీ అనలేదు.
చేతిలో టోపీని ఒక చుట్టు తిప్పాడు.
"అవి నా ఆఖరి వారం" అన్నాడు కాసేపటికి,
"పాత సామాను అనుకుంటారు అందరూ."

బల్ల కింది నుంచి పాత హార్డుడిస్కొకటి తీశాను,
ఎవరో మరమ్మతుకిచ్చి మరిచిపోయింది.
బిగించి, ఆట ఫోల్డర్ని మెల్లిగా అందులోకి జరిపాను.
లాంచర్ తెరిచాను.

సున్నా శాతం.

ఎనభై ఏడూ లేదు, ఏదీ లేదు,
ఈ మనిషి ఎవరో తెలియదన్నట్టు
"ఇన్‌స్టాల్ చేయండి" అనే ఆకుపచ్చ బొత్తాం.
నా చెవులు వేడెక్కాయి.
యాభై నాలుగు జీబీ, మూడు రోజుల కరెంటు,
అతని పింఛను డబ్బుల్లో కొన్న డేటా.
నికనోర్ మాత్రం బొత్తాన్ని చూసి
పొగమంచుని చూసినంత తేలిగ్గా,
"కనబడకపోతే లేదనా?
అవతలి ఒడ్డు ఎన్ని పొద్దులు కనబడిందని నాకు" అన్నాడు.

ఇన్‌స్టాల్ నొక్కాను. ఎక్కడికని అడిగింది.
ఆ కొత్త చోటే చూపించాను, వేలు వణికింది.
"ఉన్న ఫైళ్లను వెతుకుతోంది" అంది తెర.
పొయ్యిలో కట్టె చిటపటమంది.
పిల్లి లేచి, గోనె వాసన చూసి, దానిమీదే పడుకుంది.
నాలుగు. పంతొమ్మిది. యాభై.
ఎనభై ఏడు. దాని పక్కన, మొదటిసారి,
ఒక సమయం: రెండు గంటల పది నిమిషాలు.

డబ్బులివ్వబోతే సగమే తీసుకున్నాను.
మిగతా సగానికి సంచిలోంచి
వేడి తగ్గిన మిల్కావు రొట్టె తీసి బల్లమీద పెట్టాడు,
బేరం ఆడొద్దన్నట్టు.

ఆరింటికి వంద.
తెరమీద రేవు, దీపాలు, కడిగినంత శుభ్రమైన ఓడ.
బయల్దేరమని బాణం గుర్తు మెరుస్తోంది.
అతను బయల్దేరలేదు.
మౌసు రెండు చేతుల్తో పట్టుకుని
డెక్కంతా నడిచి
ముందు తాళ్లు లెక్కపెట్టాడు.
"ఒకటి తక్కువ కట్టారు వెధవలు" అన్నాడు,
ఎంత సంతోషంగానో.